ఐలా గారి కొబ్బరిచెట్టు

బయలుదేరడానికి ముందు

రామచంద్రపురంలో ఇంటర్ పిల్లలకి బోటనీ చెప్పుకుని బతికేవాణ్ణి నేను. ఏటా ఓ పీరియడంతా ఉత్తరాన చలిదేశాల్లో ఉండే టైగా అడవుల గురించి చెప్పాలి. బోర్డు మీద వరసగా త్రికోణాలు గీసి, కింద ఓ గీత గీసి, "ఇదీ శంఖాకార అడవి, రాసుకోండి" అనేవాణ్ణి. ఓసారి వెనక బెంచీ పిల్ల లేచి, "మీరు చూశారా సార్?" అంది. "సూర్యుణ్ణి కూడా ముట్టుకుని చూడలేదమ్మా, కూర్చో" అన్నాను. క్లాసంతా నవ్వింది. నేను మాత్రం ఇంటికెళ్ళేదాకా ఆ ప్రశ్నే నెమరేసుకున్నాను. అంతటి నన్ను చివరికి ఆ అడవికి తీసుకెళ్ళింది చదువు కాదు, రొయ్యల మేత.

మా తోడల్లుడు సత్తిబాబుకి ముమ్మిడివరం దగ్గర రొయ్యల చెరువులున్నాయి. పక్క రైతులకి మేత కూడా అమ్ముతాడు. బాగా అమ్మినవాళ్ళని మేత కంపెనీ ఏటా బ్యాంకాక్ తీసుకెళ్తుంది. ఈసారి ఎవరికి ఏ బుద్ధి పుట్టిందో, ఫిన్లాండ్ అన్నారు. మనిషికి రెండు టిక్కెట్లు. బ్యాంకాక్ అయితే ఆయన భార్య, మా వదినగారు, కాపలాకైనా వెళ్ళేది. చలి అనేసరికి, "మరిదిగారిని తీసుకెళ్ళండి, ఆయనకి చెట్లంటే ఇష్టం కదా" అని నన్ను తోసేసింది.

నాకు చెట్లంటే ఇష్టమే. ఆ సమయానికి నాకు బాగా కావలసిన చెట్లు మాత్రం ఫిన్లాండులో లేవు, రాజోలు దగ్గరున్నాయి. మా మామగారు తన కొబ్బరితోటని ఇద్దరు కూతుళ్ళకీ పసుపు కుంకుమల కింద చెరిసగం రాసిచ్చారు. రెండు సగాలకీ మధ్య ఓ గట్టు, అంతే. ఇప్పుడు సత్తిబాబు తన సగం కొట్టించి రొయ్యల చెరువు చేస్తానన్నాడు. ముహూర్తం దాటిపోకూడదని ఓ మూల చిన్న గొయ్యి తవ్వించేశాడు కూడా. మేం ఫిన్లాండు నుంచి తిరిగిరాగానే మిగతాది తవ్వడానికి పొక్లెయిన్ వస్తుంది. ఆ చెరువులో ఉప్పునీళ్ళు పెడితే పక్కనున్న మా సగం ఏమవుతుందో బోటనీ చదవని వాళ్ళకి కూడా తెలుసు.

మా ఆవిడ సుబ్బలక్ష్మి ఆయన ఎదుటే అడిగేసింది.

"ఉప్పునీళ్ళకి గట్టు తెలుస్తుందా అండీ, బావగారూ?"

"నా నేల, నా నీళ్ళు మరదలా. మీ వైపుకి చుక్క రాదు. నేను చెప్తున్నాను కదా" అన్నాడాయన, కాఫీ ఊదుకుంటూ.

ప్రయాణానికి ముందు మా ఆవిడ నా సూట్‌కేసులో స్వెట్టర్లు కుక్కుతూ, "అన్నాళ్ళూ ఆయన మీ చేతిలో ఉంటారు. పాఠం చెప్తారో కాళ్ళు పట్టుకుంటారో మీ ఇష్టం. ఆ తోట మునగకూడదు. మునిగిందంటే మీరు ఆ ఎలుగుబంట్ల దగ్గరే ఉండిపోండి" అంది. నవ్వుతుందేమోనని చూశాను. నవ్వలేదు. ఆ తోట మీద వచ్చే డబ్బు కన్నా, వాళ్ళ నాన్న చేత్తో పాతిన మొక్కలన్నదే ఆవిడకి ఎక్కువ.

హెల్సింకీ: మొదటి ఓటమి

విమానం కిందికి దిగుతుంటే కిటికీలోంచి అడవి కనిపించింది. కనుచూపు మేర ముదురాకుపచ్చ. నా త్రికోణాలు! ఇదే సమయమని సత్తిబాబు మోచెయ్యి తట్టాను.

"చూశారా అన్నయ్యగారూ, దేశమంతా చెట్లే. వీళ్ళు చెట్టుని ఎలా కాపాడుకుంటున్నారో చూడండి."

ఆయన చాలాసేపు చూశాడు. "చూస్తున్నానండి. ఆ చెట్ల మధ్యన మెరుస్తున్నయ్యేంటి?"

"సరస్సులు."

"అన్నీ చెరువులే! దేశం నిండా చెరువులే ఉన్నాయి మాస్టారూ! అయినా చెట్లు ఎలా ఉన్నాయో చూడండి. ఏమైనా చచ్చేయా?"

అవి మంచినీటి సరస్సులు, ఎప్పుడో మంచుపలకలు జారుతూ నేలని దొలిస్తే ఏర్పడ్డాయి అని చెప్పాను.

"అంటే మంచు తవ్వితే ఒప్పు, సత్తిబాబు తవ్వితే తప్పూనా?" అని సీటు బెల్టు పెట్టుకున్నాడు.

హెల్సింకీలో కంపెనీవాళ్ళు మా గుంపుని గైడు బినోయ్‌కి అప్పగించారు. బినోయ్ కేరళవాడు, నడివయసు, కాస్త బొజ్జ. హైదరాబాదు హోటల్లో కొన్నేళ్ళు చేసి తెలుగు నేర్చాడు, ఇక్కడి అమ్మాయిని పెళ్ళాడి ఫిన్నిష్ నేర్చాడు. మంచివాడే గానీ ఒకటే జబ్బు. తన చెవిన పడిన ప్రతి మాటనీ అనువాదం చేసేస్తాడు. అది తనకి చెప్పిందా, పక్కవాడి చెవిలో ఊదిందా అని చూడడు. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి.

ఓ పెద్ద దుకాణంలో సత్తిబాబుకి కొబ్బరికాయ కనిపించింది. మూడు యూరోల చిల్లర. మన డబ్బుల్లోకి మార్చి చెప్పేసరికి ఆయన కాయ చేతిలోకి తీసుకుని, వేలి కణుపుతో కొట్టి, చెవి దగ్గర పెట్టి ఊపాడు. చుట్టూ ఉన్న తెల్లవాళ్ళు ఆగి చూశారు.

"నీళ్ళింకిపోయేయి. ఇది ఎండుకొబ్బరి కురిడీకి కూడా పనికిరాదు. ఇది కచ్చితంగా మీ కేరళ కాయేనండి బినోయ్ గారూ" అన్నాడు.

బినోయ్ మొహం మాడ్చుకున్నాడు. మాడ్చుకుంటూనే పక్కనున్న దుకాణం పిల్లకి ఆ మాట ఫిన్నిష్‌లో చెప్పేశాడు. ఆ పిల్ల మాకేసి, కాయకేసి మార్చి మార్చి చూసి, కాయ తీసుకుని లోపలికెళ్ళిపోయింది.

ఉత్తరానికి రైలు

రాత్రి ఎక్కిన రైలు తెల్లారేసరికి అడవి మధ్యలో ఉంది. మధ్యాహ్నానికీ అడవి మధ్యలోనే ఉంది. స్ప్రూస్, పైన్, తెల్ల బెరడు బర్చి. మళ్ళీ స్ప్రూస్, పైన్, బర్చి. మన మారేడుమిల్లి ఘాట్‌లో బస్సు ఓ మలుపు తిరిగితే చెట్టు రకం మారిపోతుంది. ఒకదాని మీద ఒకటి పాకి, ఒకదాని గొంతు ఒకటి పిసికి, పక్షులు, కీచురాళ్ళు కలిసి సంతలా ఉంటుంది. కోరింగ మడ అడవిలో వేళ్ళు బురదలోంచి ముక్కులు పైకి పెట్టి ఊపిరి పీల్చుకుంటాయి. ఇక్కడ ఆ తోపులాట లేదు. గట్టిగా మూడు నాలుగు రకాల చెట్లు దేశమంతా పంచుకుని, ఎవరి చోట వాళ్ళు నిటారుగా, మర్యాదగా, విసుగ్గా నిలబడి ఉన్నాయి.

నేను పాఠం మొదలుపెట్టాను. వేసవి చిన్నది, చలి పెద్దది. కొమ్మలు కిందికి వాలి ఉంటాయి కాబట్టి మంచు జారిపోతుంది. మనకి ఆకు రాలితే ఓ వర్షాకాలం దాటేసరికి మట్టి అయిపోతుంది. ఇక్కడ సూది లాంటి ఆకు రాలితే పెన్షన్ ఫైలులా పడినచోటే ఉంటుంది. అందుకే నేల పుల్లన, పలచన. మన దగ్గర కంచెకి పాతిన కర్ర కూడా చిగురు పెడుతుంది. ఇక్కడ నా బొటనవేలంత లావు పైన్ మొక్క వయసు నా సర్వీసంత ఉంటుంది.

"అంత నిదానంగా పెరుగుతాయా?" అన్నాడు సత్తిబాబు.

వల వేసిన చోటికే చేప వచ్చింది అనుకున్నాను. "మరి! తాత పాతితే మనవడు కొడతాడు. అందుకే చెట్టు మీద గొడ్డలి పడేముందు పదిసార్లు ఆలోచిస్తారు."

సరిగ్గా అప్పుడే, నా ఖర్మ కాలి, కిటికీలో ఓ బోడి మైదానం కనిపించింది. మొత్తం కొట్టేసిన అడవి. మధ్యలో ఓ పెద్ద యంత్రం చెట్టుని నడుం దగ్గర పట్టుకుని, కోసి, పడుకోబెట్టి, కొమ్మలు గీకేసి, ముక్కలు చేసి పక్కన పేర్చింది. మనం తాంబూలం వేసుకునేంత సేపు పట్టలేదు.

సత్తిబాబు సీట్లోంచి లేచి నిలబడిపోయాడు. "ఓర్నాయనో! ఈ మిషను మన రాజోల్లో ఉంటే తోటంతా ఒక్క పూటలో తేలిపోయేది కదండీ! మాస్టారూ, ఇదెంతుంటదో కనుక్కోండి!"

నేను కళ్ళు మూసుకుని నిద్ర నటించాను.

ఇక రొవానియెమిలో శాంతాక్లాజ్ ఊరు గురించి నేనేం చెప్పను? ఆగస్టు నెలాఖరు. బయట ఎండ. లోపల ఎర్రకోటు తాత. సత్తిబాబు ఆయన పక్కన ఫొటో దిగి, "మా వైపు సరుగుడు కొమ్మకి దూది అంటించి ఇంతకన్నా బాగా చేస్తారండి" అన్నాడు. బినోయ్ అదీ చెప్పేశాడు. తాత గడ్డంలో నవ్వాడు.

ఐలా గారి అడవి

అక్కడి నుంచి కంపెనీవాళ్ళు మమ్మల్ని జంటలుగా విడదీసి పల్లెల్లో రైతుల ఇళ్ళకి పంపారు. మా వాటాకి ఐలా అనే ఆవిడ వచ్చింది. డెబ్బై దాటిన మనిషి, ట్రాక్టర్ మీద వచ్చి మమ్మల్ని ఎక్కించుకుంది. వాళ్ళ నాన్న వదిలిన అడవి ఆవిడదే. బినోయ్ మాతోనే ఉన్నాడు.

దారిలో రెయిన్‌డీర్లు రోడ్డుకి అడ్డంగా నిలబడి ఎటూ తేల్చుకోవడం లేదు. అచ్చం మన గేదెలే. హారన్ కొట్టినా అదే నిర్లక్ష్యం. నాకు ఇంటి మీద బెంగ పుట్టింది. దోమలున్నాయి గానీ లావువి, మందకొడివి. రొయ్యల సైజుని కిలోకి ఇన్నని కౌంటుల్లో చెప్పే అలవాటున్న సత్తిబాబు మెడ మీద ఓ దాన్ని కొట్టి, అరచేతిలో పెట్టుకుని చూసి, "ముప్పై కౌంటుంటది" అని తేల్చాడు.

అడవిలోకి అడుగుపెడితే మొదట తెలిసింది నిశ్శబ్దం. కాలికింద పరుపులాంటి నాచు. అడుగు వేస్తే చప్పుడు లేదు. మన తోటలో ఎండిన మట్ట మీద కాలు పడితే పక్కూరికి వినపడుతుంది. నేల నిండా నల్లని బ్లూబెర్రీలు, అప్పుడప్పుడే ఎర్రబడుతున్న లింగన్‌బెర్రీలు.

"తినండి. ఇక్కడ అడవి ఎవరిదైనా సరే, పళ్ళూ పుట్టగొడుగులూ ఎవరైనా ఏరుకోవచ్చు. అది అందరి హక్కు" అన్నాడు బినోయ్.

సత్తిబాబు నమ్మలేదు. మా ఊళ్ళో పక్కవాడి చెట్టు నుంచి మన వాకిట్లో మట్ట రాలితే, దాన్ని పొయ్యిలో పెట్టేముందు గోడ మీంచి కేకేసి అడుగుతాం. అడక్కుండా పెడితే పంచాయితీ. ఆయన అటూ ఇటూ చూసి ఒక్కో పండూ కోశాడు. దూరాన ఎవరిదో కారు వెళ్తే డబ్బా వీపు వెనక దాచేశాడు. ఐలా గారు చూసి, ఆయనకి కడుపు నొప్పి వచ్చిందేమో అడగమని బినోయ్‌కి చెప్పింది.

ఆ అడవి దిగువన ఓ బురద నేల ఉంది. దాన్ని చీల్చుకుంటూ తిన్నగా, గీత గీసినట్టు కాలవలు. వాటినిండా డికాక్షన్ రంగు నీళ్ళు. ఇవేంటని అడిగాను. ఒకప్పుడు ఇదంతా నాచు పట్టిన చిత్తడి అట. నీళ్ళు తీసేస్తే అక్కడ కూడా పైన్ పెరుగుతుంది, కలప అమ్ముకోవచ్చని వాళ్ళ నాన్న తవ్వించాడట. అప్పట్లో అందరూ అదే చేశారు. పైన్ పెరిగింది గానీ ఏదో పెరిగాననిపించుకుంది. కాలవల నీళ్ళు కింద ఊరి చెరువులో పడి, నీరు నల్లబడి, చేపలు పోయాయి.

"ఇప్పుడేం చేస్తారు?" అన్నాను.

"పూడ్చేస్తున్నాను. ఎల్లుండి మెషిన్ వస్తుంది. తవ్వినదానికన్నా పూడ్చడానికే ఎక్కువ అవుతోంది" అందావిడ.

నేను సత్తిబాబు మొహంలోకి చూశాను. ఇంతకన్నా మంచి పాఠం నా జన్మలో దొరకదు. ఆయన కాలవ అంచున గొంతుకూర్చుని, నీళ్ళు చేత్తో తీసి వాసన చూసి, "మా వైపు పొక్లెయిన్ రేటు ఇంత ఉండదులెండి" అన్నాడు.

ఛీ, ఈ మనిషితో కాదు అనుకున్నాను. మా ఆవిడకి ఫోన్ చెయ్యడం కూడా మానేశాను.

ఆవిరిగది, ఆవకాయ

ఆ సాయంత్రం మగవాళ్ళని ఆవిరిగదిలోకి పంపారు. అక్కడ ఒంటి మీద నూలుపోగు ఉండకూడదట. సత్తిబాబు తువ్వాలు వదల్లేదు. బినోయ్ బర్చి కొమ్మల కట్ట నీళ్ళలో ముంచి మా వీపులు బాదడం మొదలుపెట్టాడు.

"ఏంటండీ ఇది, దెయ్యం పట్టినోళ్ళకి వేపమండల్తో కొట్టినట్టు!" అని సత్తిబాబు అరిచాడు. కాసేపటికి, "కొంచెం కిందికి కొట్టండి, అక్కడే పట్టేసింది" అన్నాడు.

భోజనానికి రెయిన్‌డీర్ మాంసం, ఉడికించిన బంగాళాదుంపలు, పక్కన లింగన్‌బెర్రీ జామ్. ఉప్పు తప్ప ఇంకేమీ తగలని వంట. సత్తిబాబు ఆవకాయ సీసా తీశాడు. ఐలా గారు చెంచాడు నోట్లో వేసుకుని, కళ్ళు పెద్దవి చేసి, మంచినీళ్ళ చెంబు ఖాళీ చేసి, మళ్ళీ చెంచా చాపింది. మొత్తం యాత్రలో ఇండియా గెలిచింది అక్కడొక్కచోటే.

కొమ్మలు కోసిన పైన్

మర్నాడు మధ్యాహ్నం ఐలా గారు పొడుగుకర్రకి కట్టిన రంపం పట్టుకుని మమ్మల్ని చిత్తడి అంచున ఉన్న ఓ పైన్ చెట్టు దగ్గరికి తీసుకెళ్ళింది. చెట్టు నడుమ కొమ్మలన్నీ కోసి, పైన తల, కింద కొన్ని రెమ్మలు వదిలింది. కాండానికి ఓ చిన్న చెక్క కొట్టి, దాని మీద సత్తిబాబు పేరులోని మొదటి అక్షరం చెక్కింది. దూరప్రాంతం నుంచి మొదటిసారి వచ్చిన అతిథికి ఇలా ఒక చెట్టుని గుర్తుపెట్టడం పాతకాలపు ఆచారమట. మాకిద్దరికీ కలిపి ఒకటే, పెద్దవాడి పేరు మీద.

"ఆ చెట్టు బాగున్నంతకాలం ఆ మనిషి బాగుంటాడని పెద్దవాళ్ళు అనేవారు. ఇప్పుడెవరూ నమ్మరు" అని నవ్వింది.

సత్తిబాబు నవ్వలేదు. అమావాస్య నాడు చెరువులో మేత కూడా జల్లని మనిషి ఆయన. చెట్టు దగ్గరికెళ్ళి కాండం తడిమాడు. కళ్ళు చెమ్మగిల్లాయి. పరాయి దేశంలో ఒకావిడ తనకో చెట్టు ఇచ్చింది. అది నిజంగా పెద్ద మాటే. నాకూ ఏదోలా అయింది.

అయితే మా కోనసీమలో ఒక జబ్బుంది. పక్కింటి నుంచి కూర గిన్నె వస్తే ఖాళీ గిన్నె తిరిగి పంపం. ఏమీ లేకపోతే గుప్పెడు పంచదారైనా వేసి పంపుతాం. చెట్టు ఇచ్చినావిడకి గిన్నెలో ఏం వేసి పంపాలి? సత్తిబాబు నోరు ఆయన బుర్ర కన్నా ముందు కదిలింది.

"బినోయ్ గారూ, చెప్పండి. రాజోల్లో మా తోటలో ఒక కొబ్బరిచెట్టు ఇయ్యాళ్టి నుంచి ఈవిడదే. మా మావయ్యగారు పాతిన చెట్టు. పెద్దకొడుకు లాంటిది. ఆవిడ పేరు మీదే ఉంటుంది. ఆవిడ నూరేళ్ళుండాల."

ఐలా గారి మొహం వెలిగిపోయింది. ఆయన రెండు చేతులూ పట్టుకుంది.

నాకు ఆపుకోవడం రాలేదు. సత్తిబాబు చెవి దగ్గర నోరు పెట్టి, "ఏ చెట్టు అన్నయ్యగారూ? మనం వెళ్ళగానే తోటంతా పొక్లెయిన్ కింద పడుతోంది కదా!" అన్నాను.

బినోయ్ సంగతి గుర్తుపెట్టుకోమన్నాను కదా. అక్షరం పొల్లుపోకుండా చెప్పేశాడు.

ఐలా గారు చేతులు వదిలేసింది. "నాకు ఇచ్చింది చెట్టా, చెట్టు ఫొటోనా?" అని అడిగింది.

సత్తిబాబు నన్ను చూసిన చూపుకి నేను భస్మం కావలసింది. "అబ్బెబ్బే, మీ చెట్టు ఎవరు ముట్టుకుంటారండీ! చెరువు మధ్యన దిబ్బ వదిలి, దాని మీద మీ చెట్టు ఉంచుతాను."

"చుట్టూ ఉప్పునీళ్ళా?"

"అవునండి."

ఆవిడ రంపం భుజాన వేసుకుని ఇంట్లోకి వెళ్ళిపోయింది. ఆ పూట భోజనాల దగ్గర ఆవకాయ సీసాకేసి ఆవిడ చూడలేదు.

పూడ్చే పొక్లెయిన్

తెల్లారి మెషిన్ మోతకి లేచాం. చిత్తడి దగ్గర పొక్లెయిన్ కాలవలో మట్టి తోస్తోంది. సొంత బంధువు ఎదురైనట్టు సత్తిబాబు ముందు పరిగెత్తాడు, వెనకాల మేం. ఆయన డ్రైవర్‌కి చెయ్యి ఊపి, బకెట్ సైజు మెచ్చుకుని, ఎక్కడిదాకా పూడుస్తారని అడిగాడు. కాలవకి అక్కడక్కడా అడ్డుకట్టలు వేస్తారట. నీళ్ళు బయటికి పోకుండా ఆగి, నేలంతా మళ్ళీ చిత్తడి అవుతుందట. ఆఖరి కట్ట వేసే చోట కర్ర పాతి ఉంది. సత్తిబాబు పైన్ చెట్టు దానికి ఎగువన, పది అంగల్లో ఉంది.

ఆయన కర్రకేసి చూశాడు. కాలవకేసి చూశాడు. చెరువులు కట్టే మనిషి, నీటి మట్టం కంటితోనే కొలుస్తాడు. మొహంలో రంగు పోయింది.

"మాస్టారూ, ఇక్కడ కట్ట వేస్తే నీళ్ళు నా చెట్టు మొదట్లోకి వచ్చేస్తాయి కదండీ?"

"వస్తాయి" అన్నాను.

"పైన్ చెట్టు నీళ్ళల్లో ఉంటదా?"

"ఉండదు. వేళ్ళకి ఊపిరాడక నిలువునా ఎండిపోతుంది."

అంతే. ఆయన ఐలా గారి దగ్గరికి దాదాపు పరిగెత్తాడు. "మేడమ్ గారండీ, కట్ట ఆపించండి! నా చెట్టు చచ్చిపోద్దండి!"

ఆవిడ రబ్బరు బూట్లలో, జేబుల్లో చేతులు పెట్టుకుని నిలబడింది. తాపీగా ఏదో అంది. బినోయ్ చెప్పాడు: "నా నేల, నా నీళ్ళు అంటోంది."

"మీ నేలేనండి, కాదన్నానా? మీ నీళ్ళు మీ కట్ట దగ్గరే ఆగుతాయా? నీళ్ళకి గట్టు తెలుస్తుందా అండీ?"

ఆ మాట ఆయన నోట్లోంచి వచ్చేసింది. వచ్చాక ఆయనకే వినపడింది. బినోయ్ అనువాదం చేస్తూనే ఉన్నాడు. సత్తిబాబు మాత్రం నోరు తెరిచినవాడు తెరిచినట్టే నాకేసి తిరిగాడు. ఈ ఒక్కసారి నేను పాఠం చెప్పలేదు. పక్కనున్న బ్లూబెర్రీ పొదని చాలా శ్రద్ధగా పరిశీలించాను.

ఐలా గారు రాత్రికి రాత్రి కావాలనే ఆ కర్ర అక్కడ పాతిందా అన్నది నాకు ఇప్పటికీ అనుమానమే. ఆవిడ వెళ్ళి, పాతిన కర్ర పీకి, పైన్ చెట్టు దాటి ఎగువకి తీసుకెళ్ళి పాతింది. డ్రైవర్ ఏదో గొణిగాడు. ఆవిడ ఒక్క కసురు కసిరింది. తిరిగొచ్చి సత్తిబాబు ఎదుట నిలబడి అడిగింది: "మరి నా చెట్టో?"

సత్తిబాబు కర్ర పీకిన గుంటలోకి బూటుతో మట్టి నెట్టాడు. చివరికి, "ఆయ్" అన్నాడు.

"ఆయ్ అంటే ఏం చెప్పమంటారు?" అన్నాడు బినోయ్, మొదటిసారి అనువాదానికి చిక్కుపడి.

"మా వైపు ఆయ్ అన్నాక రిజిస్ట్రేషన్ అయిపోయినట్టే అని చెప్పండి" అన్నాను.

ఆవిడ ఆవకాయ సీసా అడిగి పుచ్చేసుకుంది.

రాజోలు

దారి పొడుగునా సత్తిబాబు తోట ఊసెత్తలేదు. నేనూ ఎత్తలేదు. నోరు తెరిస్తే చెడగొడతానని నాకు నా మీద అంత నమ్మకం. ఇంటికొచ్చాక మా ఆవిడ, "ఏమైంది?" అంది. "తెలీదు" అన్నాను. నిజమే చెప్పాను. ఆయన ఆయ్ అంది ఒక్క చెట్టుకే. దిబ్బ పథకం ఇంకా బుర్రలో ఉందేమో ఎవరికి తెలుసు? పొక్లెయిన్ రావడానికి ఇంకా రెండ్రోజులుంది.

పొక్లెయిన్ వచ్చిన రోజు వదినగారు, మా ఆవిడ, నేను గట్టు మీద నిలబడ్డాం. సత్తిబాబు ముందు రోజే తోటంతా తిరిగి, మా గట్టుకి ఆనుకుని ఉన్న ఓ పెద్ద చెట్టుని ఐలా గారి కోసం ఎంచాడు. ఇప్పుడు దాని మొదట్లో నిలబడి, ఆ మూల ముహూర్తపు గొయ్యికేసి చూస్తున్నాడు. వానలకి అందులో నీళ్ళు నిలబడ్డాయి. గొయ్యికీ ఆ చెట్టుకీ ఎంత దూరమో కంటితో కొలుస్తున్నాడని నాకర్థమైంది.

"ఎక్కడ మొదలెట్టమంటారండీ?" అన్నాడు డ్రైవర్.

"ఆ గొయ్యి పూడ్చెయ్."

"పూడ్చడవేంటండీ? తవ్వాలన్నారు కదండీ?"

"చెప్పింది చెయ్యవయ్యా! ఫిన్లాండులో అందరూ అదే చేస్తున్నారు."

తర్వాత మా ఆవిడ దగ్గరికొచ్చి, ఎటో చూస్తూ, "రొయ్యల రేటు బాగోలేదు మరదలా. అందుకని మానుకున్నాను" అన్నాడు.

"ఆయ్, బావగారూ" అంది మా ఆవిడ, అంతే మర్యాదగా. ఇంటికొచ్చాక వంటగదిలో తలుపేసుకుని ఏడ్చింది. నేను బయట నిలబడి, ఇంత పెద్ద పని చేసుకొచ్చినందుకు నాకు కాఫీ ఇస్తారా ఇవ్వరా అని కేకేశాను.

ఇప్పుడు ఆ కొబ్బరిచెట్టు కాండం మీద నీలం పెయింటుతో పెద్దక్షరాల్లో "ఐలా గారు" అని ఉంటుంది. "గారు" పెట్టాల్సిందేనని సత్తిబాబు పట్టుబట్టాడు. కాయలు దింపడానికి వచ్చినవాళ్ళు, "ఈ ఐలా గారెవరండీ, తోట కొన్నారా?" అని అడుగుతున్నారు. ఆ చెట్టు కాయలు దింపించి గుళ్ళో ఇచ్చేస్తాడు. నెలకోసారి ఫొటో తీసి పంపుతాడు.

సంక్రాంతి వెళ్ళాక ఓ సాయంత్రం అందరం మా ఇంట్లో ఉన్నప్పుడు బినోయ్ నుంచి ఫొటో వచ్చింది. చుట్టూ మోకాలెత్తు మంచు. మధ్యలో నడుం బోడిగా, తల మీద పచ్చగా సత్తిబాబు పైన్. నేను ఫోన్ లాక్కుని ఆ మంచు కొమ్మల వాలు మీంచి ఎలా జారిందో చూస్తున్నాను, చివరికి నా పాఠం నిజమేనని. సత్తిబాబు నా చేతిలోంచి ఫోన్ తీసుకుని, కళ్ళజోడు పైకి జరిపి, వేళ్ళతో పెద్దది చేసి చెట్టు మొదట్లో చూశాడు.

"నీళ్ళు రాలేదు" అన్నాడు, ఊపిరి వదిలి.

మా ఆవిడ ఆయన చేతికి కాఫీ అందించింది.

"ఇక్కడా రాలేదండీ, బావగారూ."